నాలుగుంపావు గంటల ఒపెరా సినిమాలో అబ్బాయి అమ్మాయి అయ్యాడు, గొంతు మాత్రం మారలేదు. ఎందుకు?

ఉప్పల్_ఉదయ్
శనివారం బంజారాహిల్స్‌లో ఒక ఫిల్మ్ క్లబ్ వాళ్లు ఒపెరా సినిమా వేస్తున్నారంటే నాన్నగారిని తీసుకెళ్లాను. ఆయనకి పద్యనాటకాలంటే ప్రాణం. "ఒపెరా అంటే వాళ్ల పద్యనాటకమే నాన్నా" అని నేనే ఊరించాను. సినిమా పేరు 'పార్సిఫాల్'. వాగ్నర్ అనే జర్మన్ సంగీతకర్త ఒపెరా, 1982లో సిబర్‌బర్గ్ అనే జర్మన్ దర్శకుడు తీశాడు. 255 నిమిషాలని కరపత్రంలో కింద చిన్న అక్షరాల్లో వేశారు. నేను చూసుకోలేదు, తప్పు నాదే.

కథలో రాజుకి మానని గాయం ఒకటి ఉంటుంది. ఆ గాయం ఆయన ఒంటి మీద ఉండదు. దిండు మీద పెట్టి పక్కన మోసుకొస్తారు! కొండలు, గుట్టలు అనుకుని చూస్తుంటే అది ఒక పెద్ద మనిషి ముఖం. వాగ్నర్ పోయాక ముఖం మీద తీసిన అచ్చునే అంత పెద్దది చేసి సెట్ వేశారని తర్వాత తెలిసింది. సరే, అదీ భరించాను.

రెండో అంకంలో కుండ్రి అనే ఆవిడ హీరోని ముద్దు పెట్టుకుంటుంది. అతను ఉలిక్కిపడి విడిపించుకుంటాడు. అంతే, ఆ కాసేపట్లో అబ్బాయి వెనక్కి పోయి ఒక అమ్మాయి ముందుకొచ్చింది. పాత్ర అదే, పాడే మగ గొంతూ అదే. ప్రొజెక్టర్ దగ్గరున్న కుర్రాడు రెండు సినిమాలు కలిపేశాడేమోనని లేచి వెనక్కి చూశాను. ముందు వరసలో ఇంకో ఇద్దరు కూడా తిరిగి చూశారు, అదొక్కటే ధైర్యం.

ఇది ప్రయోగమా, మమ్మల్ని ఆటపట్టించడమా? ఒపెరాని ఒపెరాలా తీస్తే ఏం పోయింది?

ఇరానీ_చాయ్
255 నిమిషాలంటే ఉప్పల్ నుంచి రాను పోను ట్రాఫిక్ కూడా కలిపేనా?

ఫ్రేమ్‌కి_24
ఉదయ్ గారూ, మీకు ఇబ్బంది పుట్టిన చోటే ఆ దర్శకుడు మిమ్మల్ని పట్టుకున్నాడు.

ఆ సినిమాలో పార్సిఫాల్ గొంతు రైనర్ గోల్డ్‌బర్గ్ అనే టెనర్ (పై స్థాయి మగ గొంతు) గాయకుడిది. ఆయన తెర మీద కనిపించడు. కనిపించే అబ్బాయి మైకేల్ కుటర్, అమ్మాయి కారిన్ క్రిక్. ఇద్దరూ పాడలేదు, పెదాలు కదిపారంతే. అబ్బాయి నోట్లో పరాయి గొంతు పెడితే అంతసేపు మీకేమీ అనిపించలేదు. అమ్మాయి నోట్లో పెట్టగానే అనిపించింది. రెండూ ఒకే అబద్ధం కదా! మొదటిదానికి మన కళ్లు అలవాటుపడిపోయాయి, అంతే తేడా.

ఉప్పల్_ఉదయ్
అంతసేపు ఏమీ అనిపించలేదని ఎవరన్నారు? చాలా అనిపించింది. మర్యాదకి రాయలేదు.

కాటిసీను
'మాయాబజార్' చూసి పెరిగిన తెలుగువాడు అడగాల్సిన ప్రశ్నేనా ఇది? 'అహ నా పెళ్ళియంట' పాట గుర్తు చేసుకోండి. తెర మీద సావిత్రి. లోపల ఉన్నది ఘటోత్కచుడు. సుశీల గారి గొంతు సాగుతుండగా మధ్యలో ఘంటసాల గారి మగ గొంతు బయటపడుతుంది, సావిత్రి మీసం మెలేసినట్టు చెయ్యి పెట్టి మళ్లీ సర్దుకుంటుంది. 1957లోనే చేసేశాం. మనకెవరూ కరపత్రం ఇచ్చి వివరించలేదు, నేల క్లాసు వాళ్లకి కూడా అర్థమైంది.

ఉప్పల్_ఉదయ్
అన్నా, అక్కడ కథ చెప్పింది. ఘటోత్కచుడు మాయ చేసి శశిరేఖ రూపం వేసుకున్నాడని మనకి ముందే తెలుసు, అందుకే నవ్వాం. ఇక్కడ ఎవరూ ఏమీ చెప్పలేదు. హీరో మాయలు చేసే రకం కూడా కాదు.

కాటిసీను
అయితే 'లాహిరి లాహిరి' తీసుకో తమ్ముడూ. ఘంటసాల, లీల, రెండే గొంతులు. పడవలో మొదట అభిమన్యుడు శశిరేఖ, తర్వాత కృష్ణుడు రుక్మిణి, తర్వాత బలరాముడు రేవతి. ఒక గొంతు ముగ్గురు మగవాళ్ల నోట్లో తిరిగింది. అక్కడ ఏ మాయా లేదు. నువ్వెప్పుడైనా లేచి ప్రొజెక్టర్ వైపు చూశావా?

ఇరానీ_చాయ్
ఒకటి సున్నా.

నల్లకుంట_శాస్త్రి
ఈ సినిమా నేను రెండుసార్లు చూశాను. సగం నచ్చింది, సగం నచ్చలేదు. నచ్చిన సగంలోనే ఉదయ్ గారి ప్రశ్నకి జవాబుంది, అది రాస్తాను.

పార్సిఫాల్ ఏమీ తెలియని కుర్రాడు. మొదటి అంకంలో రాజు బాధ కళ్లారా చూసి కూడా ఒక్క మాట అడగడు. రాజు గాయం ఎలా వచ్చిందంటే ఇదే కుండ్రి వలలో పడి, చేతిలోని పవిత్రమైన బల్లెం పోగొట్టుకుని, దానితోనే పొడిపించుకున్నాడు. రెండో అంకంలో అదే ముద్దు ఈ కుర్రాడికి తగిలినప్పుడు మొదట నోటికొచ్చేది రాజు పేరు, తర్వాత గాయం. "అంఫోర్టాస్! ఆ గాయం!" అని అరుస్తాడు. ఎదుటివాడి నొప్పి తన ఒంట్లో పుట్టింది. అంటే ఆ క్షణానికి ముందున్న మనిషీ తర్వాతున్న మనిషీ ఒకరు కాదు. స్టేజీ మీద ఆ మార్పుని సంగీతం ఒక్కటే చెప్పాలి, గాయకుడి శరీరం మారదు కదా. సినిమాకి ఆ కట్టుబాటు లేదు. ఈయన శరీరాన్నే మార్చేశాడు. గొంతు మార్చలేదు, ఎందుకంటే జ్ఞాపకం అదే. చివర్లో ఆ అబ్బాయీ అమ్మాయీ ఎదురుపడి దగ్గరవుతారు, గమనించారా?

నచ్చని సగం: బొమ్మలు, ముసుగులు, జెండాలు, తోలుబొమ్మల్లాంటి వాగ్నర్‌లు. ప్రతి మూలా ఒక గుర్తు. విప్పుకుంటూ కూర్చుంటే సంగీతం చెవిన పడదు.

ఉప్పల్_ఉదయ్
చివర్లో నేను మెట్ల మీద కూర్చుని చాయ్ తాగుతున్నాను మాస్టారూ. నాన్నగారు మాత్రం లోపలే ఉన్నారు.

రికార్డు_రాణి
నాకు మొత్తం వ్యవహారమే నచ్చదు. సికింద్రాబాద్‌లో చర్చి కాయిర్‌లో పదేళ్లు ఆల్టో (ఆడవాళ్లలో కింది స్థాయి గొంతు) పాడాను, ఆ అనుభవంతో చెబుతున్నా. ఒపెరా అంటే మైకు లేకుండా ఒక మనిషి గొంతు అరవై డెబ్భై వాద్యాలని దాటి ఆఖరి వరస దాకా వెళ్లడం. అది శరీరం చేసే పని. ఛాతీ, పొట్ట, దవడ అన్నీ కనిపిస్తాయి. ఆ కష్టాన్ని తీసి పక్కన పెట్టి, అందమైన కుర్రాడితో పెదాలు కదిపించి "ప్రయోగం" అంటే ఎలా?

ప్రయోగం చేయని వాళ్లు కూడా తక్కువ తినలేదు. జెఫిరెల్లి 1986లో వెర్డీ 'ఒటెల్లో' తీశాడు. గాయకులు గొప్పవాళ్లు, సెట్లు గొప్పవి. డెస్డిమోనా చచ్చిపోయే ముందు పాడే విల్లో పాట మాత్రం ఎత్తేశాడు! ఆ పాట కోసమే నాలుగో అంకం వింటాను నేను.

కాటిసీను
అమ్మో, అది దారుణం. హరిశ్చంద్రలో కాటిసీను ఎత్తేసినట్టు.

ఇరానీ_చాయ్
మీ పేరే ఎగిరిపోతుంది అప్పుడు.

ఫ్రేమ్‌కి_24
రాణి గారూ, మీ మాట ఒప్పుకుంటూనే ఒక సినిమా చెబుతాను, మీరే తీర్పు చెప్పండి. స్ట్రౌబ్, ఉయ్యే దంపతులు 1975లో తీసిన 'మోజెస్ ఉంట్ ఆరోన్'. షోన్‌బర్గ్ ఒపెరా. ఇటలీలో ఆల్బా ఫూచెన్స్ అనే చోట పాత రోమన్ రంగస్థలం ఉంది, పైకప్పు లేనిది. గాయకుల్ని అక్కడ ఎండలో నిలబెట్టి అక్కడికక్కడే పాడించారు. ఆర్కెస్ట్రాని ముందే వియన్నాలో రికార్డు చేసి, చెవిలో చిన్న పరికరంతో వినిపించారు. మనం తెర మీద చూసే నోరే పాడింది, ఆ ఊపిరే మనకి వినిపిస్తుంది. డబ్బింగ్ లేదు, అందం కోసం పెట్టిన కోణం లేదు. కెమెరా ఒక్కోసారి ఒకే మనిషి మీద నిమిషాల తరబడి కదలకుండా ఉంటుంది.

ఒపెరాలోనే ఒక మెలిక ఉంది. మోజెస్‌కి దేవుడి మాట తెలుసు, చెప్పడం రాదు. అందుకని అతను పాడడు, మాటకీ పాటకీ మధ్యలో ఏదో చేస్తాడు. ఆరోన్‌కి చెప్పడం వచ్చు, టెనర్ గొంతుతో ధారాళంగా పాడతాడు. మూడో అంకానికి షోన్‌బర్గ్ మాటలు రాసి సంగీతం రాయకుండానే పోయాడు. సినిమాలో ఆ అంకం ఉత్త మాటలతోనే నడుస్తుంది.

రికార్డు_రాణి
ఇది చూడలేదు. చూస్తాను. తీర్పు తర్వాత.

బోరబండ_బోయ్
నిమిషాల తరబడి కెమెరా కదలదు అంటే మా అపార్ట్‌మెంట్ సీసీ కెమెరా కూడా ఆర్ట్ సినిమానే.

కాటిసీను
ఎండలో నిలబడి పాడడం, కనిపించని చోట వాద్యాలు... మన పాత టాకీలు అలాగే తీశారు కదా. ప్లేబ్యాక్ రాకముందు నటులే పాడుతూ నటించాలి, హార్మోనియం వాళ్లు కెమెరాకి కనపడకుండా ఎక్కడో నక్కి వాయించాలి. పక్కన కాకి అరిస్తే మళ్లీ మొదటి నుంచి. వాళ్లకి అది గతిలేక చేసిన పని, వీళ్లకి సిద్ధాంతం.

నల్లకుంట_శాస్త్రి
1932 'భక్త ప్రహ్లాద' సంగతే చూడండి. సురభి వాళ్ల నాటకాన్ని, సురభి వాళ్లతోనే, హెచ్.ఎం. రెడ్డి గారు బొంబాయిలో తీశారు. అంటే తెలుగు టాకీ పుట్టడమే నాటకాన్ని సినిమాగా తీయడంతో పుట్టింది. ఆ తర్వాత మనం నాటకాన్ని దాచిపెట్టడం నేర్చుకున్నాం. పద్యం ఉంచాం, తెర తీసేశాం.

లింగంపల్లి_లోకల్
సురభి పేరు వచ్చింది కాబట్టి నేనూ రాస్తా. మా ఇల్లు లింగంపల్లిలో సురభి కాలనీకి దగ్గర. చిన్నప్పుడు పబ్లిక్ గార్డెన్స్ లలిత కళాతోరణంలో వాళ్ల 'మాయాబజార్' ఎన్నిసార్లు చూశానో లెక్క లేదు. నాకు నాటకం కంటే పక్కన తెర సందులోంచి చూడడం ఇష్టం. నారదుడు తీగ మీద దిగే ముందు నడుముకి కొక్కెం బిగించే మనిషి, ఒక చంకలో పిల్లని ఎత్తుకుని మరో చేత్తో తాడు లాగే ఆవిడ, కిరీటం తీసి ఒళ్లో పెట్టుకుని టీ తాగే కౌరవుడు.

తర్వాత చాలా ఏళ్లకి స్వీడన్ దర్శకుడు బెర్గ్‌మన్ తీసిన 'మేజిక్ ఫ్లూట్' చూశాను, మోజార్ట్ ఒపెరా. 1975 జనవరి ఒకటిన స్వీడన్ టీవీలో వేశారట. చూస్తూ ఏడ్చినంత పనయింది. డ్రోట్‌నింగ్‌హోమ్ అని అక్కడ 1766లో కట్టిన పాత నాటకశాల ఉంది. అది షూటింగ్ తట్టుకోలేదని స్టూడియోలో దాని నకలు కట్టించాడు. డ్రాగన్ అంటే లోపల మనుషులున్న గుడ్డ డ్రాగన్, దాచలేదు. సంగీతం మొదలవగానే తెర ఎత్తకుండా నాటకం చూడ్డానికొచ్చిన వాళ్ల ముఖాలు చూపిస్తూ పోతాడు, ఒక చిన్నపిల్ల ముఖానికి మళ్లీ మళ్లీ వస్తాడు. విరామంలో వేషాల వెనక మనుషులు: రాత్రి రాణి వేషం వేసినావిడ సిగరెట్ కాలుస్తూ ఉంటుంది, ఒకాయన కూర్చుని పుస్తకం తిరగేస్తుంటాడు. చూస్తే అది 'పార్సిఫాల్' స్కోరు (స్వరాలు రాసిన పుస్తకం)!

నాకు అచ్చం ఆ తెర సందు కనిపించింది. ఉదయ్ బ్రదర్, మీరు నాన్నగారిని దీనికి తీసుకెళ్లాల్సింది.

ఉప్పల్_ఉదయ్
ఇది నాకు ముందు ఎందుకు చెప్పలేదు ఎవరూ :(

సబ్‌టైటిల్_సరళ
లోకల్ గారు రాసింది చదివి పని ఆపేశాను. ఒక చిన్న చేర్పు: బెర్గ్‌మన్ దాన్ని జర్మన్‌లో కాకుండా స్వీడిష్‌లో పాడించాడు, కథ కూడా కొంచెం మార్చాడు. మూలంలో గుడి పెద్ద సరాస్ట్రోకీ, రాత్రి రాణి కూతురు పమీనాకీ చుట్టరికం లేదు. ఇతను సరాస్ట్రోని ఆ పిల్ల తండ్రిని చేశాడు. దాంతో రాత్రి రాణి కోపం మంత్రగత్తె కోపంలా కాకుండా విడిపోయిన మొగుడూపెళ్లాల తగాదాలా వినిపిస్తుంది. నాకు అందులో అదే పెద్ద ప్రయోగం. శరీరాలు మార్చలేదు, చుట్టరికం మార్చాడు.

ఇరానీ_చాయ్
విడాకుల కేసు, పిల్ల కస్టడీ. సీరియల్‌కి సరిపోతుంది, 800 ఎపిసోడ్లు.

రికార్డు_రాణి
స్వీడిష్‌లో పాడించడం నాకు తప్పుగా అనిపించలేదు. అతను టీవీ ముందు కూర్చున్న స్వీడన్ జనం కోసం తీశాడు. మోజార్ట్ కూడా దాన్ని 1791లో వియన్నా శివార్లలో మామూలు జనం వచ్చే నాటకశాల కోసమే రాశాడు, వాళ్ల భాషలో, మధ్యలో మాటలతో. కాబట్టి నన్ను మరీ ఛాందసురాలిగా చూడకండి.

సబ్‌టైటిల్_సరళ
పార్సిఫాల్‌కి తెలుగు సబ్‌టైటిల్స్ చేయాలని రెండేళ్ల కింద కూర్చున్నాను, మొదటి అంకం దాటలేదు. అందులో ఒక జోస్యం ఉంటుంది: రాజు గాయం మాన్పేవాడు "డర్ రైనె టోర్", కరుణ వల్ల జ్ఞానం పొందినవాడు. టోర్ అంటే తెలివితక్కువవాడు. మూఢుడు అని పెడితే తిట్టులా ఉంది. వెర్రివాడు అంటే సినిమా కామెడీ ట్రాక్ అవుతుంది. మూడు రాత్రులు తన్నుకుని చివరికి "అమాయకుడు" అని పెట్టాను, మరీ తేలికైపోయిందేమో అనుకుంటూనే. తర్వాత తట్టింది: అమాయకుడంటే మాయ లేనివాడు. క్లింగ్సర్ ఒపెరాలో మాయావి, మాయతోట కట్టి వీరుల్ని పడేస్తుంటాడు. అతని మాయ పారనిది ఈ ఒక్కడి మీదే. జర్మన్‌లో లేని చమత్కారం తెలుగులో దానంతటదే వచ్చి కూర్చుంది. ఆ రోజు గారెలు వండుకున్నాను.

నల్లకుంట_శాస్త్రి
సరళ గారూ, ఆ ఒక్క మాటకి మీరు మిగతా రెండు అంకాలు కూడా చేసి తీరాలి.

కాటిసీను
గారెలు మాకూ పెట్టి తీరాలి.

బోరబండ_బోయ్
నేను ఒపెరా అంటే లావుపాటి ఆవిడ కొమ్ముల టోపీ పెట్టుకుని కేకలేయడం అనుకునేవాణ్ని. నిద్ర రాని ఒపెరా సినిమా ఒకటి చెప్పండి. 255 వద్దు. 120లోపు.

ఫ్రేమ్‌కి_24
కార్లోస్ సౌరా 'కార్మెన్', 1983. స్పెయిన్. బిజే ఒపెరాని ఒక ఫ్లమెంకో (స్పెయిన్ సంప్రదాయ పాట, నాట్యం) బృందం నాట్యంగా చేయడానికి రిహార్సల్ చేస్తుంటుంది. మొదట్లోనే నాకు అన్నింటికంటే నచ్చిన సీన్: టేపులో ఒపెరా పాట వేసుకుని వింటారు, అది తమ అడుగులకి కుదరడం లేదంటారు. పక్కనే గిటార్ పట్టుకున్న పాకో దె లూసియా ఆ పాటనే ఫ్లమెంకో దరువులోకి తిప్పేస్తాడు. ఒక ఫ్రెంచి ఆయన ఊహించి రాసిన స్పెయిన్‌ని స్పెయిన్ వాళ్లు మన కళ్ల ముందే వెనక్కి తీసుకుంటారు. తర్వాత నాట్యం నేర్పే అంతోనియో గాదెస్ కార్మెన్ వేషం వేసే పిల్లతో ప్రేమలో పడతాడు, ఎక్కడ రిహార్సల్ ఆగిందో ఎక్కడ నిజం మొదలైందో తెలీదు.

బోరబండ_బోయ్
ఇది బాగుంది. సేవ్ చేసుకున్నా.

నల్లకుంట_శాస్త్రి
1983లోనే ఫ్రెంచి దర్శకుడు గొడార్ కూడా ఒక కార్మెన్ తీశాడు, వెనిస్‌లో పెద్ద బహుమతి కూడా వచ్చింది. అందులో బిజే సంగీతమే లేదు! బేతోవెన్ క్వార్టెట్లు (నలుగురు కలిసి వాయించేవి) వాయిస్తుంటారు. బిజే పాట ఒకచోట ఎవరో ఈలగా వేస్తారు, అంతే. రాణి గారు వినకూడని సినిమా.

రికార్డు_రాణి
విన్నాను. కళ్లు మూసుకుని బేతోవెన్ వరకు విన్నాను, బాగుంది.

కాటిసీను
ఒకరి నాటకంలో ఇంకొకరి సరుకు పెట్టడం మనకి కొత్తేం కాదు. కాటిసీనులో జనం ఎదురుచూసే శ్మశానం పద్యాలు జాషువా గారివి. నాటకం బలిజేపల్లి వారిది. జాషువా గారు విడిగా రాసుకున్న ఖండికని నటులు తెచ్చి హరిశ్చంద్రుడి నోట్లో పెట్టారు. ఇప్పుడు తీసేస్తే జనం కుర్చీలు విరుస్తారు.

సబ్‌టైటిల్_సరళ
బిజేది కూడా అదే కథ. కార్మెన్ మొట్టమొదట పాడే 'హబనేరా' అనే పాట అసలు ఇరాదియేర్ అనే స్పానిష్ సంగీతకర్త పాట. బిజే జానపదం అనుకుని వాడుకున్నాడు, తర్వాత తెలిసి స్కోరులో ఆ మాట వేయించాడు.

లింగంపల్లి_లోకల్
కార్మెన్ ఊరూరికీ అతుకుతుంది. 2005లో బెర్లిన్‌లో గోల్డెన్ బేర్ తెచ్చుకున్న 'యూ-కార్మెన్' దక్షిణాఫ్రికాలో ఖయెలిట్షా అనే బస్తీలో తీశారు, బిజే సంగీతమే, భాష మాత్రం ఖోసా. గాయకులే నటులు. పౌలిన్ మలెఫానె కార్మెన్. రాణి గారికి కావాల్సిన ఛాతీ, దవడ అన్నీ ఉంటాయి. దీనికి పూర్తి తిరగబడ్డది 1954 'కార్మెన్ జోన్స్': డొరొతీ డాండ్రిడ్జ్ స్వయంగా పాటలు పాడే మనిషి, అయినా ఆవిడకి మెరిలిన్ హార్న్ గొంతు పెట్టారు. పాడగలిగిన మనిషి నోరు మూసి ఇంకొకరి పాట. ఆ సినిమాకే ఆవిడ పేరు ఉత్తమ నటి ఆస్కార్ నామినేషన్లలోకి వెళ్లింది.

ఇరానీ_చాయ్
అయితే మన కార్మెన్ ఎక్కడ? సెవిల్‌లో సిగరెట్ ఫ్యాక్టరీ అంటే మనకి నిజామాబాద్ బీడీ కార్ఖానా. తునికాకు కత్తిరిస్తూ పాడుతుంది. ఆమె వెంటపడే సిపాయి డాన్ హోసే ఎవరు, కానిస్టేబుల్. ఎద్దుపోరు వీరుడు ఎస్కమీయో?

బోరబండ_బోయ్
నారాయణగూడ సదర్! దీపావళి అయ్యాక దున్నపోతుకి నూనె రాసి, పూలదండలేసి, వెనక్కాళ్ల మీద లేపే పహిల్వాన్. ఎంట్రీ సాంగ్ అక్కడే, తీన్మార్ డప్పుల మీద.

ఇరానీ_చాయ్
టోరియడోర్ పాట తీన్మార్ మీద. నేను నిర్మాత. 40 వేలున్నాయి.

ఫ్రేమ్‌కి_24
నవ్వుతున్నారు గానీ ఇది నిజంగా కుదురుతుంది. కుదరనిది ఒక్కటే: మీరిద్దరూ దాన్ని మాస్ సినిమా చేస్తారు, చివర్లో కార్మెన్‌ని బతికిస్తారు.

బోరబండ_బోయ్
బతికిస్తాం. కానిస్టేబుల్ సస్పెండ్.

అడ్మిన్_2
కార్మెన్ కాస్టింగ్ కోసం వేరే దారం పెట్టుకోండి. ఉదయ్ గారి ప్రశ్న ఇంకా మిగిలే ఉంది.

రికార్డు_రాణి
నాకు మిగిలిన అనుమానం ఇది. శాస్త్రి గారు చెప్పిన అర్థం బాగుంది. మరి ఆడదాన్నే ఎందుకు పెట్టాలి? జాలి కలగ్గానే మగవాడు ఆడది కావాలా? ఇది పాత పురుషుల ఆలోచనే, కొత్త చొక్కా వేసుకుని వచ్చింది. ఒపెరాలో ఆడవాళ్లు మగ వేషాలు వేయడం మొదటి నుంచీ ఉంది. మోజార్ట్ ఒపెరా 'ఫిగారో'లో కెరుబీనో కుర్రాడు, పాడేది ఎప్పుడూ ఆడమనిషే. అక్కడ గొంతూ శరీరమూ రెండూ ఆమెవే, వేషం ఒక్కటే మగది. అందులో ఉన్న సరదా ఇందులో నాకు కనిపించలేదు.

నల్లకుంట_శాస్త్రి
ఈ అభ్యంతరానికి నా దగ్గర జవాబు లేదు. దర్శకుడు ఆ అమ్మాయిని మెత్తగా, కన్నీళ్లతో చూపించలేదు, అబ్బాయి కంటే గట్టిగా నిలబెట్టాడు, కళ్లల్లో చలనం ఉండదు. అంతవరకే చెప్పగలను.

కాటిసీను
స్థానం నరసింహారావు గారు 'తులాభారం'లో సత్యభామగా వచ్చి 'మీరజాలగలడా' పాడితే ఆడవాళ్లు ఆయన చీరకట్టు చూసి నేర్చుకున్నారని మా నాయనమ్మ చెప్పేది. శరీరం మగది, గొంతు మగది, పాత్ర ఆడది. 1966 సినిమాకి వచ్చేసరికి అదే పాట జమున గారి మీద, సుశీల గారి గొంతులో. అన్నీ సరిపోయాయి, పాట బ్రహ్మాండంగా ఉంది. కానీ మా నాయనమ్మ సినిమా చూసొచ్చి "బాగుంది, సత్యభామ ఆడదైపోయింది" అంది. ఆమె మాట నాకు ఇప్పటికీ పూర్తిగా అర్థం కాలేదు. ఈ దారం చదువుతుంటే కొంచెం అందుతోంది.

సబ్‌టైటిల్_సరళ
ఇంత గొప్ప మాట అన్న మీ నాయనమ్మ గారికి దండం.

ఉప్పల్_ఉదయ్
ఇవాళ పొద్దున కాఫీ దగ్గర నాన్నగారిని అడిగాను, అసలు మీకేమనిపించింది అని. అబ్బాయి అమ్మాయి అవడం గురించి ఆయన ఒక్క మాట అనలేదు. "స్త్రీ పాత్ర వాడే వేశాడనుకున్నాను, దానికేముంది" అన్నారు. ఆయన్ని నాలుగు గంటలూ వేధించిన ప్రశ్న వేరే: "హార్మోనియం ఎక్కడ పెట్టార్రా? అంత వాయిద్యం వినపడుతోంది, ఒక్క మనిషి కనపడడే!"

ఫ్రేమ్‌కి_24
ఉదయ్ గారూ, మీ నాన్నగారు మా అందరికంటే ముందున్నారు. వాగ్నర్ జర్మనీలో బైరాయిట్ అనే ఊళ్లో కట్టించుకున్న నాటకశాలలో ఆర్కెస్ట్రా గొయ్యికి పైన కప్పు ఉంటుంది. వాద్యగాళ్లు, కండక్టర్, ఎవరూ ప్రేక్షకులకి కనపడరు. కనపడకూడదనే కట్టించాడు. పార్సిఫాల్ 1882లో ఆ శాల కోసమే రాసింది. సిబర్‌బర్గ్ ఏం చేశాడో తెలుసా? సంగీతం నడిపిన కండక్టర్ అర్మిన్ జోర్డాన్‌నే గాయపడ్డ రాజు వేషంలో తెర మీదికి తెచ్చాడు. ఆయన పాడడు, గొంతు వోల్ఫ్‌గాంగ్ షోనెది. అంటే వాగ్నర్ దాచిపెట్టిన మనిషిని ఇతను బయటికి లాగి, పరుపు మీద పడుకోబెట్టి, గాయాన్ని పక్కన దిండు మీద పెట్టాడు.

ఉప్పల్_ఉదయ్
అంటే నాన్నగారు వెతుకుతున్న హార్మోనిస్టు ఆ రాజేనా??

ఫ్రేమ్‌కి_24
అదే.

బోరబండ_బోయ్
కండక్టర్ అంటే ఇంతసేపూ ఆర్టీసీ అనుకున్నా. అందుకే గాయం అనుకున్నా.

నల్లకుంట_శాస్త్రి
కండక్టర్ మాట వచ్చింది కాబట్టి ఉదయ్ గారి నాన్నగారి కోసం ఇంకోటి. 1992 జులైలో మన బొంబాయి జుబిన్ మెహతా నడిపిన 'టోస్కా' ఒపెరా. కథ జరిగినట్టు చెప్పే రోమ్ చర్చిలో, రాజభవనంలో, కోటలో, కథలో ఏ వేళ ఉంటే ఆ వేళకే, టీవీలో నేరుగా ప్రసారం. గాయకులు ఒకచోట, ఆర్కెస్ట్రాతో మెహతా ఊళ్లో ఇంకోచోట. వాళ్లు ఆయన చెయ్యిని టీవీ తెరల్లో చూస్తూ పాడారు. మూడో అంకం తెల్లారుజామున. సినిమాగా చూస్తే పాతకాలం పద్ధతే, చేసిన సాహసం మాత్రం చిన్నది కాదు. ప్లాసిడో డొమింగో తెల్లవారుజామున కోట మీద నిలబడి టెనర్ ఆరియా (ఒక్కడే పాడే పాట) పాడాడంటే, రాణి గారికి తెలుసు ఆ కష్టం.

రికార్డు_రాణి
తెల్లారి ఆరింటి ప్రార్థనకి నేను గుడ్ మార్నింగ్ కూడా శ్రుతిలో చెప్పలేను.

లింగంపల్లి_లోకల్
ఒక కోరిక రాసి పడుకుంటా. ఎవరైనా సురభి నాటకాన్ని బెర్గ్‌మన్‌లా తీయాలి. డాక్యుమెంటరీ కాదు, రికార్డింగ్ కాదు. నాటకమే, కానీ ఆ తాడు లాగే చెయ్యితో సహా. 1885లో కీచకవధతో మొదలైన వాళ్లు, ఇప్పటికీ ఉన్నారు, తాడు ఇప్పటికీ ఉంది.

ఫ్రేమ్‌కి_24
నేను తీస్తా అనాలని ఉంది. డబ్బుల మాట వచ్చేసరికి ఇరానీ_చాయ్ దగ్గర 40 వేలే ఉన్నాయి.

ఇరానీ_చాయ్
కార్మెన్‌కి ఇచ్చేశా. దున్నపోతు అడ్వాన్స్.

నల్లకుంట_శాస్త్రి
వచ్చే ఆదివారం నాలుగింటికి మా ఇంట్లో 'మోజెస్ ఉంట్ ఆరోన్' వేస్తాను. రెండు గంటల లోపే. పది మందికి చోటుంది, కుర్చీలు ఆరే. ఉదయ్ గారు నాన్నగారిని తప్పక తీసుకురావాలి. రాణి గారు తీర్పుతో రావాలి.

సబ్‌టైటిల్_సరళ
గారెలు నావి.

ఉప్పల్_ఉదయ్
నాన్నగారు వస్తామన్నారు. బాగా పాడినప్పుడు వన్స్‌మోర్ అనొచ్చా అని అడుగుతున్నారు.

రికార్డు_రాణి
బైరాయిట్‌లో పార్సిఫాల్ మొదటి అంకం అయ్యాక చప్పట్లు కూడా కొట్టకూడదనే ఆనవాయితీ ఉండేది, ఆయనకి చెప్పకండి.

నల్లకుంట_శాస్త్రి
నల్లకుంటలో ఆ ఆనవాయితీ లేదు. అనమనండి, రిమోట్ నా చేతిలోనే ఉంటుంది.